ఆరు గొట్టాలూ ఏడు గొట్టాలూ

ముప్ఫయ్యేళ్ళుగా శ్రుతి ఇచ్చేది నేనే.
నా ఓబో ఒక్క స్వరం పలికితే
అరవైమంది తలలు వంచి
తమ తమ వాద్యాల చెవులు మెలిపెట్టేవాళ్ళు.
లా పాస్ నగరంలో నాకున్న ఆస్తి
మెట్లవీధి మీద రెండు అద్దె గదులు,
పీకలు చెక్కుకునే చిన్న కత్తి,
ఆ ఒక్క స్వరం.

ఫిబ్రవరిలో సబీనా కొండోరి వచ్చింది,
తగరపు గని సినిమాకి సంగీతం రాసుకుని.
నలభై రెండో పేజీలో
వయొలిన్లన్నిటికీ మౌనం రాసి
కింద పెన్సిల్‌తో:
"సీకు. ఇద్దరు మనుషులు. ఊపిరి వాళ్ళిష్టం."

ఆ ఇద్దరూ ఎల్ ఆల్తో నుంచి
తీగమీది పెట్టెలో వేలాడుతూ దిగారు,
సెనోబియో, అతని బావమరిది ఫెర్మిన్.
చేతులు ఖాళీ.
"బంగాళాదుంప పూత మీదుంది.
ఇప్పుడు సీకు ఊదితే మబ్బు లేచిపోతుంది."
ఆ మాట చెప్పడానికే వచ్చారు,
రానూపోనూ ఛార్జీ పెట్టుకుని.
నిర్మాత నవ్వాడు. నేనూ నవ్వాను, నిజం చెప్పాలి.
సబీనా నవ్వలేదు.
వాళ్ళమ్మ ఆ పూత చూపించే
బడి ఫీజుకి గడువు అడిగేదట.
గోడమీది క్యాలెండర్ తీసి
మే నెల దగ్గర మడత పెట్టింది.

మేలో సీకులొచ్చాయి, ఉన్ని గుడ్డలో చుట్టి.
ఆరు గొట్టాలది ఒకటి, ఏడు గొట్టాలది ఒకటి.
సా ఒకడి దగ్గరుంటే రి ఇంకొకడి దగ్గర.
గ కావాలంటే మళ్ళీ
మొదటివాడి వాకిలికే రావాలి.

రికార్డింగు కుర్రాడికి ఇది ఎక్కలేదు.
ఇద్దర్నీ రెండు గాజు గదుల్లో కూర్చోబెట్టి
చెవులకి టకటకలు తగిలించాడు.
"ఒక్కొక్కరే ఊదండి, నేను కలుపుతా."
సెనోబియో ఊదాడు.
ఒక స్వరం, ఒక గుంట. ఒక స్వరం, ఒక గుంట.
పళ్ళూడిన నోటితో ఎవరో
తన ఊరి పేరు చెబుతున్నట్టు.
ఫెర్మిన్ హెడ్‌ఫోన్లు తీసి బల్లమీద పెట్టాడు.
"ఇందులో వాడి మోచెయ్యి వినపడటం లేదు."

ఆమె తలుపులు తీయించింది.
వాళ్ళని మా మధ్యకి తెచ్చి, సరిగ్గా నా కుర్చీ ముందు,
భుజం భుజం తగిలేలా నిలబెట్టింది.
అప్పుడు నా వైపు తిరిగి, మెల్లగా,
"దోన్ అనిసేతో, ఈపూట శ్రుతి వాళ్ళది."

వాళ్ళ వెదురు నా స్వరానికి కాస్త కింద,
మెట్టు మీద కాదు,
మెట్టుకీ మెట్టుకీ నడుమ
ముసలమ్మలు కూర్చుని చిక్కుళ్ళు ఒలిచే చోట.
ఓబో పీక కొంచెం పైకి లాగాను.
చాల్లేదు. ఇంకో వెంట్రుకవాసి.
వెనక అరవై తలలు వంగాయి,
నా కోసం కాదు.
చెవులు కాలాయి. అబద్ధమెందుకు,
జీతం చీటీలో పేరు కొట్టేసినట్టే అనిపించింది.

తర్వాత వాళ్ళు మొదలెట్టారు.
ఒకడు విడిచిన గాలి చల్లారకముందే
రెండోవాడు అందుకున్నాడు.
పాట ఎవరి నోట్లోనూ లేదు,
ఇద్దరి మధ్య ఆ జానెడు చోటులో ఉంది.
చెల్లోలు దాని కింద
చాప పరిచినట్టు వచ్చాయి.
నాకు రాసినవి నాలుగే స్వరాలు.
రెండోది ఊదడం మరిచిపోయాను.
సబీనా చూసింది, చెయ్యి ఆపలేదు.

సినిమాలో ఆ చోట డైనమైట్ పేలుతుంది.
వాళ్ళ ఊపిరి మిగిలింది పదకొండు సెకన్లు,
పొగ కింద.
ఫెర్మిన్ ఆ సినిమా చూశాడో లేదో.
ఒక బస్తా దుంపలు మాత్రం స్టూడియోకి వచ్చాయి,
ఎవరి పేరూ రాయకుండా.

ఈమధ్య సాయంత్రాలు
కిటికీ దగ్గర ఒక స్వరం ఊది ఆగుతాను,
తర్వాతిది నా దగ్గర లేదన్నట్టు.
నిన్న గోడ అవతల
ప్రెషర్ కుక్కర్ కూత వేసింది.
శ్రుతి కలవలేదు.
పీక కాస్త బయటికి లాగి
మళ్ళీ ఊదాను.